టీసీగారి సమ్మతం

హైదరాబాద్, కృష్ణానగర్
నవంబరు

బావా,

ఫోన్ చేద్దామనుకున్నాను గానీ నీ షాపు పక్కనే గూడ్సు బండ్లు పోతుంటాయి. నేను గంటసేపు మాట్లాడితే నువ్వు అందులో సగంసేపు "ఏటీ? ఏటీ?" అంటావు. మిగతా సగంసేపు "సూద్దాం బావా" అని తప్పించుకుంటావు. ఉత్తరానికి రైలు అడ్డం రాదు, నువ్వు తప్పించుకోవడానికీ వీలుండదు.

సంగతేమిటంటే నాకు కొత్త సినిమా వచ్చింది. బీచ్‌లో సవారీ గుర్రం తన కథ తానే చెప్పుకున్నట్టు రాశాను కదా, దాని నిర్మాత సీతారామాంజనేయులు గారే మళ్లీ పిలిచారు. "అలాంటిదే ఇంకోటి రాయవయ్యా. కానీ ఈసారి చిన్న జంతువుని చూడు, ఆ గుర్రానికి దాణా పెట్టలేక చచ్చాను" అన్నారు. నాకు వెంటనే మీ ఇంటి మేకపోతు గుర్తొచ్చింది. నల్లటి ఒళ్లు, ఒక్క చెవి మాత్రం తెలుపు. పోయినసారి నేనొచ్చినప్పుడు కంచరపాలెం మార్కెట్టులో కనబడ్డవాళ్ల సంచిలోనల్లా మూతి పెట్టింది. ఒక్కరూ చెయ్యెత్తలేదు. అంత దర్జాగా బతికే మేకని నేనింకెక్కడా చూడలేదు. ఈ సినిమా అంతా అదే చెప్పాలి, దాని కళ్లతోనే చూపించాలి.

అది పొద్దున్నే ఎక్కడికి పోతుంది, ఎవరికి భయపడుతుంది, ఎవరంటే ఇష్టం, ఇవన్నీ రాసి పంపు. మా నాన్న పోర్టులో చేసినన్నాళ్లూ మీ ఇంటి వెనక వాటాలోనే పెరిగినవాణ్ణి కాబట్టి మీ మేక మీద నాకూ కొంత హక్కుంది. అత్తని అడిగానని చెప్పు.

నీ
నాగవంశీ


కంచరపాలెం
నవంబరు

సినిమా బావకి,

నీ ఉత్తరం షాపులోనే చదివాను. మోటారు వైండింగ్‌కి ఇచ్చి కూర్చున్నాయన నా నవ్వు చూసి, "ఏటన్నా, ఏటైనా మంచి కబురేటి?" అన్నాడు. మా మేకని హీరోని చేస్తున్నారని చెప్పాను. ఆయన ఇంకో షాపు చూసుకుంటానని మోటారు పట్టుకుని పోయాడు.

దాని పేరు టీసీ. పేటవాళ్లు పెట్టారు. రైల్లో టీసీ ప్రతి సీటు దగ్గరా ఆగినట్టు ఇది ప్రతి బడ్డీ దగ్గరా ఆగుతుంది. చిట్టమ్మ కూరగాయల కొట్టుతో మొదలుపెడుతుంది. ఆవిడ ముదురాకులు తీసి పక్కన పెట్టకపోతే లేతవి తినేస్తుంది. ఆ తర్వాత టీ బడ్డీ, ఇస్త్రీ బండి, చివరికి రైల్వే గేటు. గేటు పడితే మనుషులు దూరిపోతారు గానీ ఇది నిలబడుతుంది. పేటలో బుద్ధిమంతుడు అదొక్కటే.

దానికి ఆలోచనలేమిటి బావా, మేకకి ఆకలి తప్ప ఏమీ ఉండదు. నీకు మనుషులు దొరక్క మేకల మీద పడ్డావు. ఎవరూ ఎందుకు కొట్టరని అడిగావు. అమ్మ పెంచుకుంటున్న మేక, అందుకే కొట్టరు. సినిమాకి అమ్మ ఒప్పుకుంది. "అల్లుడు అడిగితే కాదంతానేటి" అంది.

సన్యాసిరాజు


హైదరాబాద్
డిసెంబరు

బావా,

ఆకలి ఒక్కటే ఉంటుందన్నావు. సరే, ఆకలిగా ఉన్నవాడికి మార్కెట్టు ఎలా కనబడుతుందో చెప్పు చూద్దాం. మేక కంట్లో నల్లగుడ్డు అడ్డంగా ఉంటుంది, గమనించావా? తల తిప్పకుండానే రెండు పక్కలా చూస్తుంది. మనం నిలబడి చూసే కంచరపాలెం నాకు తెలుసు. మోకాలెత్తు నుంచి చూస్తే ఏముంటుందో నాకు తెలియదు. ఇక్కడ ఏసీ గదిలో కూర్చుని ఊహిస్తే పుస్తకం వాసన కొడుతుంది.

నా కోసం ఒక్కసారి వంగి, టీసీ పక్కన నడిచి చూడు. ఎవరైనా చూస్తే నడుం పట్టేసిందని చెప్పు.

నాగవంశీ


కంచరపాలెం
డిసెంబరు

బావా,

నీ మాట విని పరువు తీసుకున్నాను. ఆదివారం మార్కెట్టులో టీసీ పక్కన వంగుని నడిచాను. చిట్టమ్మ "ఓలమ్మా, సన్నాసికి ఏటైపోనాదే!" అని కేకేసింది. నేను నడుం అన్నాను. ఇంటికొచ్చేసరికి ధనశ్రీ వేడినీళ్లు కాచి, జండూబామ్ పట్టుకుని గుమ్మంలో నిలబడి ఉంది. నా పెళ్లాం అంత శ్రద్ధగా నన్ను చూసుకుని చాలా కాలమైంది కాబట్టి నిజం చెప్పలేదు.

కానీ ఒక మాట ఒప్పుకోవాలి. అక్కడ మనుషులకి మొహాలుండవు బావా. కాళ్లే ఉంటాయి. తొందరగా పోయే కాళ్లు, బేరం తెగక వెనక్కీ ముందుకీ ఊగే కాళ్లు, నొప్పితో ఈడ్చుకుపోయే కాళ్లు. సంచులన్నీ మొహం ముందుకే వస్తాయి, ఎవరో మనకి పెడుతున్నట్టే ఉంటుంది. టీసీ దొంగతనం చేస్తోందని ఇన్నాళ్లూ అనుకున్నాను. దాని లెక్కలో ఊరంతా దానికి వడ్డిస్తోంది. రైలు వచ్చేటప్పుడు కూత కంటే ముందు నేల వణుకుతుంది, అది టీసీకి తెలుస్తుంది. నాకూ అరచెయ్యి నేలకి ఆనిస్తే తెలిసింది.

ఇంకా ఏమైనా కావాలంటే అడుగు. వేడినీళ్లు ఎలాగూ కాస్తోంది.

సన్యాసిరాజు


హైదరాబాద్
ఫిబ్రవరి

బావా,

షూటింగ్‌లో మీ ఇంటిల్లిపాదీ చేసిన సాయానికి కృతజ్ఞతలు ఎలా చెప్పుకోను. నీ కాళ్ల సంగతి డైరెక్టరు ఉన్నదున్నట్టు తీశాడు. మొదటి పదినిమిషాలు తెర మీద ఒక్క మొహం కూడా ఉండదు.

ఇంతవరకు తీసిన రష్ వేయించుకుని చూశాను. వాన సీను అద్భుతంగా వచ్చింది. మొదటిరోజు గుర్తుందా? ట్యాంకరు నీళ్లు పడగానే టీసీ ఒళ్లు విదిలించడం, కెమెరా అద్దం మీద చుక్కలు పడడం, కెమెరామన్ తల పట్టుకోవడం. పాపం మా జంతువుల ట్రైనర్ గోపి దాన్ని మచ్చిక చేసి ఎంత ఓపిగ్గా నేర్పించాడు! నీళ్లు పడ్డా కదలకుండా నిలబడితే ఒక పనసాకు. మన టీసీ పనసాకు కోసం సముద్రంలోనైనా నిలబడుతుందని ఆఖరికి తేలింది. ఆ నిలబడడం చూస్తే దానికేదో పెద్ద బాధ ఉన్నట్టుంటుంది. నిజానికి ఆకు ఎప్పుడిస్తారా అని చూస్తోంది.

క్లైమాక్సు మిగిలింది. ఉగాది వెళ్లాక పెట్టుకున్నాం. అంతవరకు టీసీకి రంగుమారే నూనెలేవీ రాయొద్దని, బొచ్చు కత్తిరించొద్దని అత్తకి చెప్పు.

నాగవంశీ


కంచరపాలెం
ఫిబ్రవరి

బావా,

ఈ సంగతి నీకు మొదటే చెప్పాల్సింది. నీ మొదటి ఉత్తరంలో ఆ సంబరం చూసి ఆగిపోయాను. సినిమా ముందే అయిపోతుందిలే అనుకున్నాను.

ఉగాది వెళ్లాక టీసీ ఉండదు.

రెండేళ్ల కిందట నాకు జ్వరం ముదిరి ఆసుపత్రిలో పడ్డాను కదా. మనిషిని గుర్తుపట్టే స్థితిలో లేనప్పుడు అమ్మ నూకాలమ్మకి మొక్కింది. నేను లేచి తిరిగితే పోతుని ఇస్తానని. అప్పటికి అది పిల్ల. అమ్మవారి పేరున వదిలిన పోతు కాబట్టే ఎవరూ చెయ్యెత్తరు, ఎవరి సంచిలో మూతి పెట్టినా ఊరుకుంటారు. నువ్వు చూసిన ఆ దర్జా అమ్మవారిది. ఉగాది ముందురోజు వచ్చే ఈ కొత్త అమావాస్య పండక్కి మొక్కు తీర్చాలని అమ్మ అనుకుంది.

ఇది నా ప్రాణానికి బదులు బావా. నేనెలా వద్దంటాను?

సన్యాసిరాజు


హైదరాబాద్
మార్చి

సన్యాసీ,

ఇలాంటిది దాచిపెడతావా? సీతారామాంజనేయులు గారికి చెప్తే ఆయన తాపీగా "ఇంకో నల్లమేకని తెచ్చి చెవికి తెల్లరంగేసుకుందాం" అన్నారు. నాకు ఆ రాత్రి అన్నం దిగలేదు. ఇన్ని నెలలు దాని కళ్లతో చూసి, దాని తరఫున మాట్లాడి, ఇప్పుడు ఇంకో మేకకి రంగేసుకోవాలా?

కోపంతో క్లైమాక్సు మార్చి రాశాను. మేక చెప్తుంది: "నాకు రోజూ కుడితి పెట్టిన చెయ్యే నన్ను కొలుస్తోందని నాకు తెలియలేదు. ఈ ముసలమ్మకి గుండె ఉండాల్సిన చోట రాయి ఉంది." సినిమా చూసి అందరూ ఏడవాలి, అలా రాశాను.

ఆ పండగలో అసలేం చేస్తారు? వరసగా రాయి. రాసే ముందు తెలుసుకోవాలి.

నాగవంశీ


కంచరపాలెం
మార్చి

నాగవంశీ,

నీ ఉత్తరం వచ్చినప్పుడు నేను ఆనందపురంలో బోరు మోటారు దించుతున్నాను. సినిమా కబురేమో అని ధనశ్రీ విప్పి, అమ్మకి పైకి చదివి వినిపించింది. గుండె బదులు రాయి అన్న దగ్గర ఆపేసిందట గానీ అప్పటికే ఆలస్యమైంది. అమ్మ "నానలగున్నానేటి" అని మాత్రం అని ఉల్లిపాయలు ఒలుచుకుంటూ కూర్చుందట. నీకు మేక బాధ కనబడింది, సంతోషం. మా అమ్మ నీకు పెట్టిన అన్నం కనబడలేదా?

ఏం చేస్తారని అడిగావు. పోతుని కడిగి, బొట్టుపెట్టి అమ్మవారి ముందు నిలబెడతారు. పూజారి సూరన్న దాని మీద పసుపునీళ్లు పోస్తాడు. అది ఒళ్లు విదిలిస్తే అమ్మవారు ఒప్పుకున్నట్టు. విదిలించకపోతే మొక్కు అమ్మవారికి ఇష్టం లేదని, వెనక్కి కొట్టేసిందని.

ఇది రాస్తుంటేనే నాకు చెమట పట్టింది. నీకూ ఇప్పుడు అర్థమయ్యుంటుంది. షూటింగ్ ఆగినా టీసీకి ఆ అలవాటు పోలేదు. పొద్దున్నే కుళాయి దగ్గర మగ్గుతో నీళ్లు పోస్తే బొమ్మలా నిలబడి నా చేతివైపు చూస్తుంది. నేను పనసాకు ఇస్తున్నాను. రోజూ ఇస్తున్నాను. ఎందుకిస్తున్నావని అడగకు.

అది కదలకపోతే బతుకుతుంది. కానీ అమ్మ ఏమనుకుంటుంది? మొక్కు తిరిగొచ్చిందంటే నా ప్రాణం మీద అమ్మవారు మాట మార్చుకుందనుకుంటుంది. నేను తుమ్మినా ఇక నిద్రపోదు.

సన్యాసిరాజు


హైదరాబాద్
మార్చి

బావా,

అత్త ముందు నా పేరెత్తకు, సిగ్గుగా ఉంది.

టీసీ బతకాలని నాకెంత ఉందో నీకు తెలుసు. అయినా చెప్తున్నాను, ఈ ఉత్తరం అందగానే వెళ్లి అత్తకి నిజం చెప్పెయ్. మనం నేర్పిన విద్యని అమ్మవారి కోపమని ఆవిడ నమ్మకూడదు. అలా నమ్మించి కాపాడుకున్న మేకని నేను సినిమాలో పెట్టుకోలేను. తర్వాత ఏమైతే అది అవుతుంది.

నాగవంశీ


కంచరపాలెం
కొత్త అమావాస్య వెళ్లిన మర్నాడు

బావా,

చెబుదామని ప్రతిరోజూ అనుకున్నాను. అమ్మ పసుపు దంపుతుంటే వెళ్లి పక్కన కూర్చున్నాను, "ఏటిరా, ఆకలేత్తందేటి" అంది. అవునన్నాను. తినేసి లేచాను. అలాగే పండగ వచ్చేసింది.

నువ్వు నాకు పాడలవాటు నేర్పావు. గుడి దగ్గర జరిగింది నాకు టీసీ చూసినట్టే గుర్తుంది. చుట్టూ కాళ్లు. డప్పులవాళ్ల కాళ్లు గెంతుతున్నాయి, నేల రైలొచ్చేటప్పటిలా వణుకుతోంది గానీ రైలు రాదు. పసుపు రాసుకున్న రెండు పాదాలు మాత్రం కదలకుండా ఎదురుగా ఉన్నాయి. అవి రోజూ కుడితి తెచ్చే పాదాలు. పైనుంచి నీళ్లు పడ్డాయి. నీళ్లు పడితే నిలబడాలి, నిలబడితే ఆకు వస్తుంది. టీసీ నిలబడింది. ఆకు రాలేదు. మళ్లీ నీళ్లు పోశారు. ఇంకా బాగా నిలబడింది. డప్పులు ఆగిపోయాయి. అప్పుడు ఆ పసుపు పాదాలు వణకడం మొదలుపెట్టాయి.

నేనింక మేకలా ఉండలేకపోయాను. అమ్మ మొహం చూశాను. "తల్లీ, నా బిడ్డనేటి సేత్తావే" అని ఏడుస్తోంది. నేను మధ్యలోకి వెళ్లిపోయి అరిచాను.

"అమ్మా, అమ్మోరు కాదే! మేమే సేసినాం! సినిమా కోసం నేర్పించీసినాం. అది పనసాకు కోసం సూత్తంది, అంతే!"

ఎవరో నవ్వారు. సూరన్నకి కోపమొచ్చింది. "పండగ ఆటలాగుందేటిరా మీకు? ఇప్పుడేటి సెయ్యమంతావు?" అన్నాడు. ఎవరో చన్నీళ్లు పొయ్యమన్నారు. ఎవరో మేక చెవిలో ఊదమన్నారు. అమ్మ కళ్లు తుడుచుకుని ముందుకొచ్చింది.

"ఆగండి. ఇప్పుడిది నిలబడితే ఆకు కోసం నిలబడినట్టు. ఇదిలిత్తే సలేసి ఇదిలించినట్టు. అమ్మోరి మాట దీని ఒంట్లోంచి మనకెలగ తెలుత్తాది సూరన్నా? నేర్పిన సమ్మతం సమ్మతమేటి?"

"మరి మొక్కు?" అన్నాడు సూరన్న.

"మొక్కింది నాను. నాను సూసుకుంతాను."

అమ్మవారి ఎదురుగా నిలబడి, పక్కింటావిడతో మాట్లాడినట్టు మాట్లాడింది బావా. "నా కొడుకునియ్యమన్నాను, ఇచ్చినావు. పోతునిత్తానన్నాను, తెచ్చినాను. ఈ ఎదవలిద్దరూ కలిసి దాన్ని పాడుసేసినారు. పానంతోనే నీకు ఒగ్గేత్తన్నాను, తీసుకో. కోపమొత్తే ఈడి మీద సూపించకు. మొక్కిన నోరు నాది, నా మీదే సూపించు."

గుమ్మడికాయ కొట్టించింది. టీసీ మెడలో తాడు తన చేత్తోనే విప్పేసింది. అది అక్కడే తిరుగుతూ సూరన్న పళ్లెంలో అరటిపండు తినేసింది. సూరన్న చెయ్యెత్తి, అమ్మవారిది కదా అని మళ్లీ దించేశాడు. ఇంటికి వచ్చేటప్పుడు అమ్మ నా చెవి పట్టుకుని పేటంతా నడిపించింది. ఈ వయసులో, వైండింగ్ షాపు ఓనర్ని. చెవికంటిన ఆవిడ చేతి పసుపు ఇంకా పోలేదు.

సన్యాసిరాజు


హైదరాబాద్
ఏప్రిల్

బావా,

నీ ఉత్తరం నిర్మాతగారికి చదివి వినిపించాను. సినిమా చివర ఇలాగే తీద్దామని ఆయనే అన్నారు. "మరి మేక చివర్లో ఏమంటుంది?" అని అడిగారు. ఏమీ అనదని చెప్పాను. "మాట్లాడే మేక సినిమాలో మేక మాట్లాడకపోతే ఎలాగయ్యా" అని చాలాసేపు అరిచి, టీ తాగి, సరే అన్నారు.

నేర్పిన సమ్మతం సమ్మతమేటి అని అత్త అన్నమాట నన్ను వదలడం లేదు. గుర్రానికి, మేకకి నేను మాటలు నేర్పుతూనే ఉన్నాను. అది నా బతుకుతెరువు, మానలేను. కానీ ముసలమ్మ మీద మేకతో అనిపించిన ఆ మాటలు నావి. వాటిని కొట్టేశాను. ఆ చోట ఏం రాయాలో మాత్రం తోచడం లేదు. అత్తని అడిగి చెప్పు, అడిగే మొహం నాకు లేదు.

నాగవంశీ


కంచరపాలెం
ఏప్రిల్

అల్లుడా,

సన్నాసి రాత్తన్నాడు, నాను సెప్తన్నాను. నాను సెప్పింది సెప్పినట్టే రాయమన్నాను.

గుర్రం ఏటనుకుందో రాసినావు. మేక ఏటనుకుందో రాసినావు. బాగానే ఉంది. మొక్కినదాని మనసు సంగతేటి? దాన్నెవులైనా అడిగినారేటి? మేక నోరు లేనిదని దానికి నోరిచ్చినావు. నాకు నోరుంది గదాని అడగడం మానీసినావు.

అడిగినావు గాబట్టి సెప్తన్నాను. సన్నాసి మంచం మీద కల్లు తెరవకుండా ఉన్నాడు. డాట్రుబాబు నాతో మాటాడ్డం మానీసినాడు. వరండాలో కూకుని అమ్మోరికి ఏటిద్దునా అని ఇల్లంతా మనసులో ఎతికినాను. గిన్నెలున్నాయి, సెంబులున్నాయి, సీరలున్నాయి. అయ్యన్నీ పోయినా నాను ఏడవను. పోతే ఏడుత్తానన్నది ఒక్కటే కనబడ్డాది. తల్లి సచ్చిపోతే నాను పాలసీసా పట్టి పెంచిన పిల్ల. రాత్రుళ్లు నా కాళ్లకాడే తొంగుండేది. ఇట్టం లేనిది ఇత్తే అది మొక్కెలగవుద్ది? అందుకే దాన్నిత్తానన్నాను. రెండేళ్లూ దానికి కుడితి పెట్టినప్పుడల్లా మొకం తిప్పుకునే పెట్టినాను.

పండగనాడు అది ఒల్లు ఇదిలించలేదు. నాకు బయ్యమేసింది, అది అందరూ సూసినారు. ఆ బయ్యం ఎనకాల సంతోసం కూడా ఏసింది. అది ఎవులూ సూడలేదు. కొడుకు పానం మీదికొచ్చినా మేక బతికిందని సంతోసించినానే అని మల్లీ బయ్యమేసింది. ఇప్పటికీ ఏత్తంది. ఈ మాట రాసేకాడ సన్నాసి కలం ఆపీసి ఏడుత్తన్నాడు. ఈడికి ఇప్పుడే తెలిసింది.

ఇదంతా నీ సినిమాలో ఎలగ సూపిత్తావో నాకు తెల్దు. మేక కల్లతో సూత్తే మాత్రం కనబడదు.

ఆదివారం రా. కాగితాలు తేకు. ముందు తిను, తరవాత కూకుని ఇను.

మీ అత్త
అసిరమ్మ